చావు కోసం తొడిగిన అంగీ

తూరా ఆ ఉదయం కూడా అంగీ విప్పలేదు.

విప్పకపోగా, వాళ్లమ్మ లాపా ఉతికించి మడిచి మంచం మీద పెట్టిన మామూలు బట్టల్ని తీసుకెళ్లి గది బయట పడేశాడు. నీలం చొక్కా, మేజోళ్లు, అంచున కుందేటి బొచ్చు కుట్టిన టోపీ, అన్నీ. ఆవిడ వాటిని ఏరుకుని, చంటిబిడ్డను ఎత్తుకున్నట్టు ఎత్తుకుని మెట్లు దిగి వచ్చింది.

"చూశావటే నీ మొగుడి నిర్వాకం? లుక్కా ఊళ్లో ఇంత పట్టు వ్యాపారం చేసిన ఇంట పుట్టి, గోనెగుడ్డ తగిలించుకుని కూర్చున్నాడు. నువ్వేమో ఇక్కడ చేరి పోగులు సర్దుకుంటున్నావు."

"పోగులు కాదత్తయ్యా, కండెలు" అంది దియనోరా.

"ఏవైతే నాకేమే!"

ఎదురు చెప్పాలని అన్న మాట కాదది. నోరు దానంతటది అనేసింది. ఈమధ్య దియనోరా పనులన్నీ అలాగే జరుగుతున్నాయి. చేతులు వాటంతటవే రాట్నం తిప్పుతున్నాయి, కాళ్లు వాటంతటవే చర్చికి వెళ్లి వస్తున్నాయి. మొన్న పొయ్యి మీది కుండను గుడ్డ లేకుండా పట్టుకుని దించింది. పనిమనిషి నూతా లబోదిబోమంటే అప్పుడు చూసుకుంది, అరచెయ్యి ఎర్రగా కమిలి ఉంది.

ఆ గోనెగుడ్డ 'చిన్న సోదరులు' అనే మఠం సన్యాసులు వేసుకునే బూడిదరంగు అంగీ. ఆ ఊరి వర్తకులకు ఒక అలవాటుంది. బతికినన్నాళ్లూ తక్కెడ పట్టుకుంటారు, ఆఖరి ఘడియల్లో మఠానికి కబురంపి ఆ అంగీ తొడిగించుకుంటారు. పరలోకం గుమ్మం దగ్గర వర్తకుడి సంచులు వెతుకుతారు గానీ బికారి సన్యాసిని ఎవరు సోదా చేస్తారని వాళ్ల ధీమా. తూరాకు విషజ్వరం ముదిరి, వైద్యుడు చేతులెత్తేసినప్పుడు అతనికీ అలాగే తొడిగారు. తల గొరిగారు. గంట కొట్టించారు. ఇరుగుపొరుగు చావింటికి తెచ్చినట్టే రొట్టెలు తెచ్చారు. దియనోరాకు నల్లబట్టలు కుట్టించారు.

తెల్లారేసరికి తూరా కళ్లు తెరిచి మంచినీళ్లు అడిగాడు.

ఆ అంగీ తొడుక్కున్నవాళ్లంతా బుద్ధిగా చచ్చిపోయారు గనక, చావకపోతే ఏం చెయ్యాలన్నది ఎవరికీ తెలియకుండా పోయింది.

"సాయంత్రం మఠం పెద్దస్వామి వస్తున్నాడు" అంది లాపా, బట్టల్ని బల్ల మీద పెట్టి. "ఏం చెబుతావు?"

"తెలీదత్తయ్యా."

"తెలీదంటే ఎట్లాగే? పెళ్లాం ఉన్నవాడు సన్యాసుల్లో కలవాలంటే పెళ్లాం వాణ్ణి వదలాలి. వదిలినట్టు నోటితో అన్నావు, సరే. చావుబతుకుల్లో ఉన్నవాడికి ఆ మాట అనని ఆడదెవరు? కానీ వదిలిన పెళ్లాం, తాను కూడా ఇక సంసారం ఎరగనని ఒట్టు పెట్టాలి. ఆ ఒట్టు నువ్వు నోటితో పెట్టావా?"

"తల ఊపాను."

"ఊపలేదు! ఏడుస్తుంటే అది ఊగింది. అలాగని చెప్పు. అంతే కదా? నిజానికి జరిగిందదే కదా?"

"ఆ రోజు నేను ఏడవలేదత్తయ్యా."

లాపా గుమ్మం వైపు చూసింది, ఎవరైనా విన్నారేమోనని.

"ఆ మాట ఇంకెక్కడా అనకు తల్లీ. ఏడ్చావు. అందరం ఏడ్చాం. నాకు మనవడి మొహం చూసే రాత ఇంకా ఉందో లేదో, అది నీ నాలిక మీద ఉంది."

దియనోరా మళ్లీ కండెలు అందుకుంది. తెల్లవి ఒక పక్క, కుంకుమరంగువి ఒక పక్క. కుంకుమరంగులో రెండు ఛాయలు కలిసిపోయి ఉన్నాయి. వాటిని విడదీస్తూ కూర్చుంది.

*

మధ్యాహ్నం మరిది చేక్కో వచ్చాడు. కింది గిడ్డంగిలో పట్టు బేళ్ల మధ్య నిలబడి, ఒక్కో బేలు మీదా అరచేత్తో తట్టుకుంటూ, వదిన దిగి వచ్చేదాకా ఆగాడు.

"జెనోవా షావుకారు సత్రంలో కూర్చుని తిట్టుకుంటున్నాడు వదినా. సరుకు ఇదిగో, గాడిదలు అవిగో. బేళ్ల మీద ముద్ర పడితే గదా కదిలేది! ముద్ర అన్నయ్యది. నేను వేస్తానంటే వర్తక సంఘం వాళ్లు ఏమన్నారో తెలుసా? చచ్చినవాడి ముద్ర తమ్ముడికి వస్తుందట, బతికున్నవాడి ముద్ర వాడిదేనట. ముందు మీవాడు బతికున్నాడో లేడో తేల్చుకురండి, ఆ తరవాత మాట్లాడదాం అన్నారు. నలుగురిలో నా మొహం ఎక్కడ పెట్టుకోను?"

"ఆయన్నే వేయమనకపోయావా?"

"అడిగాను. గోడవైపు తిరిగి జపం మొదలుపెట్టాడు. నేను నించున్నంతసేపూ ఆపలేదు. నేను వెళ్లాక ఆపేశాడని నూతా చెప్పింది."

దియనోరాకు నవ్వు రావలసింది. రాలేదు.

"వదినా, నేను చెడ్డవాణ్ణి కాను."

"ఎవరన్నారు చేక్కో?"

"నా పెళ్లాం అంటుంది. పోనీలే. నేను చెప్పేది విను. ఒట్టు పెట్టానని చెప్పేయ్. ఆయనకు మఠం, నాకు దుకాణం, నీకు ఈ ఇంట్లో పైగది. వీధివైపు కిటికీ ఉన్నది. బతికినన్నాళ్లూ నీదే. నా పెళ్లాం నిన్ను పల్లెత్తు మాట అనదు."

"అంటుంది."

"అంటుందనుకో. మెల్లిగా అంటుంది." చేక్కో బేలు మీద దుమ్ము దులిపాడు. "పోనీ ఇట్లా ఎన్నాళ్లుంటావు? నిన్న చర్చిలో మా వీధి ఆడవాళ్లు నిన్ను ఎలా పలకరించాలో తెలియక తలలు దించుకున్నార్ట. మొగుడు కులాసాయేనా అనాలా, దేవుడు ఆయన ఆత్మకు శాంతినిచ్చుగాక అనాలా? నల్లబట్టలు కడితే అమ్మ విప్పమంటుంది. రంగుబట్టలు కడితే ఊరు నవ్వుతుంది. చివరికి ఈ మట్టిరంగుది తగిలించుకుని తిరుగుతున్నావు."

దియనోరా తన బట్టల వైపు చూసుకుంది. పొద్దున ఏది చేతికందితే అది వేసుకుంది. మట్టిరంగని ఇప్పుడే చూసింది.

"ఆలోచించి చెబుతాను" అంది.

"సాయంత్రానికి చెప్పాలి వదినా. ఆలోచించడానికి ఏముంది ఇందులో?"

నిజమే. ఏమీ లేదు. తలలో ఆలోచనకు బదులు దుప్పటి కప్పినట్టు ఉంది, అంతే.

*

గోధుమ జావ గిన్నె తీసుకుని దియనోరా పైకి వెళ్లింది.

తూరా మంచం మీద లేడు. మంచం పనికిరాదట. నేల మీద గడ్డి పరుచుకుని గోడకు ఆనుకుని కూర్చున్నాడు. జబ్బుతో చిక్కిపోయాడు. ఆ రోజు తొందరలో గొరిగిన తల ఒక పక్క మాసికలు మాసికలుగా ఉంది. ఆమె లోపలికి రాగానే కళ్లు నేలకు దించాడు. ఆడదాని మొహం చూడకూడదన్న నియమం మఠంలో చేరకముందే పట్టుబడింది.

గిన్నె అతని పక్కన పెట్టి, గుమ్మం దగ్గరున్న పీట మీద కూర్చుంది. అతను తాగాడు. కింద ఎక్కడో లాపా నూతాను తిడుతోంది.

"ఉప్పు సరిపోయిందా?"

తల ఊపాడు. దియనోరా ఆ తల వైపే చూసింది. తల ఊపినంత మాత్రాన సరిపోయినట్టేనా అని ఆమెకు అనుమానం వచ్చింది.

"సాయంత్రం నన్ను అడుగుతారు. ఏం చెప్పమంటారు?"

అతను ఇంకో గుక్క తాగాడు.

"అత్తయ్య ఒకటి చెప్పమంది. మీ తమ్ముడు ఇంకోటి చెప్పమన్నాడు. మీరేమీ అనలేదు."

"చచ్చినవాడు ఏమంటాడు?" అన్నాడు తూరా నేలతో.

"చచ్చినవాళ్లు జావ తాగరండీ."

అతని చేతిలో గిన్నె ఆగింది. పక్కన పెట్టేశాడు. వీధిలో ఎవరో ఈల్ చేపలు అమ్ముతూ కేకలేసుకుంటూ వెళ్లిపోయారు. ఎదురింటి మగ్గం చప్పుడు మొదలై ఆగిపోయింది.

"అంగీ తొడిగేటప్పుడు మీకు తెలివుందా?" అని అడిగింది దియనోరా. ఎందుకడిగిందో ఆమెకే తెలియదు. ఏదో ఒకటి మాట్లాడాలని అడిగింది.

"ఉంది."

"స్వామి నన్నడిగిన మాటలు విన్నారా?"

"విన్నాను."

"మీరు చచ్చిపోయారేమోననుకున్నాను. కళ్లు మూసుకుని ఉన్నారు. చెయ్యి చల్లగా ఉంది."

తూరా గొంతు సవరించుకున్నాడు. "అప్పటికి చెమట పట్టింది. జ్వరం దిగిపోతోంది. లోపల తేలికైపోయింది. ఇక చావనని నాకు తెలిసిపోయింది."

"ఎప్పుడు?"

"వాళ్లు రాకముందే."

దియనోరాకు ఆ మాట అర్థం కావడానికి కొంత సమయం పట్టింది.

"ఎవరికీ చెప్పలేదేం?"

"చెబితే అంగీ తొడగరుగా."

"అంటే నేను వదులుతున్నానని అన్నప్పుడు…"

"తెలుసు."

"కళ్లు మూసుకుని విన్నారు."

"అవును."

ఆమె లేవలేదు, అరవలేదు. పీట కోడు ఒకటి పొట్టిగా ఉండి ఊగుతోంది. దాన్ని కదలకుండా కాలితో పట్టుకుంది.

"ఎందుకండీ? నేనేం చేశాను?"

"నువ్వేమీ చెయ్యలేదు. దానికోసం కాదు." తూరా మాటలు వెతుక్కున్నాడు. "జబ్బుగా ఉన్నన్నాళ్లూ నన్ను ఎవరూ ఏమీ అడగలేదు దియనోరా. ఏ రంగు ఎంతకిస్తావు, మగ్గం మీది గుడ్డ ఎప్పుడు దిగుతుంది, జెనోవా వాడికి ఏం చెప్పాలి… ఏదీ లేదు. అందరూ మెల్లిగా మాట్లాడుకున్నారు. మెల్లిగా నడిచారు. నాకు ఊహ తెలిసినప్పటినుంచీ అంత హాయి ఎరగను. మళ్లీ ఆ తక్కెడ దగ్గరికి వెళ్లాలంటే నావల్ల కాదు. దేవుడు తలుపు తీశాడనుకున్నాను."

"నేను మిమ్మల్ని ఏం అడిగాను ఎప్పుడైనా?"

"అడగవు. ఎదురు చూస్తావు. పక్కన కూర్చుని, నేను ఏదో ఒకటి అంటానని చూస్తావు. అది అడగటం కంటే బరువు."

దియనోరా కింద పీట మళ్లీ ఊగింది.

"లేచి తిరుగుతున్నవాడు అడిగితే నువ్వు ఒప్పుకోవు" అన్నాడు తూరా. "చచ్చేవాడు అడిగితే ఎవరైనా ఒప్పుకుంటారు. అదీ సంగతి. పాపమే. మఠంలో చేరాక బతుకంతా దీనికి ఏడుస్తాను. కానీ పెద్దస్వామికి చెప్పకు. ఒట్టు పెట్టానను, చాలు. చెప్పకు దియనోరా."

అతను ఆమెను పేరు పెట్టి పిలవడం చాన్నాళ్ల తరవాత ఇదే. ఇవాళ రెండుసార్లు పిలిచాడు. పిలిచింది నోరు మూసుకోమనడానికి.

గిన్నె తీసుకుని కిందికి వచ్చింది. కోపం రావాలి, వస్తుందేమోనని మెట్ల మీద ఆగి చూసుకుంది. రాలేదు. గిన్నె కడిగి బోర్లించింది.

*

సాయంకాలం ప్రార్థన గంటలు కొట్టకముందే ఫ్రా ఉబెర్తో వచ్చాడు. మఠానికి ఆయనే పెద్ద. భారీ మనిషి, పాదాలు వాచి ఉన్నాయి, మెట్లెక్కలేనని గిడ్డంగిలోనే ఒక బేలు మీద కూలబడ్డాడు. తోడు వచ్చిన సన్యాసి గుమ్మం దగ్గరే నిలబడ్డాడు. లాపా ద్రాక్షసారాయి తెస్తే పెద్దస్వామి వద్దన్నాడు, తరవాత నీళ్లు కలపమన్నాడు, తరవాత తాగాడు.

తూరా దిగి వచ్చి గోడ పక్కన నిలబడ్డాడు. చేక్కో బేళ్ల మధ్య. లాపా కొడుకుల మధ్య. దియనోరా ఎదురుగా.

"తప్పు నాది కూడా ఉందమ్మా" అన్నాడు ఫ్రా ఉబెర్తో. "మనిషి పోతున్నాడన్న తొందరలో ఉన్నాను. నువ్వు తల ఊపావు, నేను చాలనుకున్నాను. తల ఊపితే ఒట్టు కాదంటాడు బిషప్పుగారి న్యాయాధికారి. అవునంటారు మా మఠంలో కొందరు. రెండు పక్కలా అరుచుకుంటున్నారు. నువ్వే చెప్పాలి. దేవుడు వింటున్నాడని గుర్తుంచుకుని చెప్పు."

"ఏడుస్తోంది స్వామీ ఆ రోజు, నా కోడలు వెక్కివెక్కి…"

"మీరాగండమ్మా."

దియనోరా తన గొంతు విని ఆశ్చర్యపోయింది. ఎవరో పక్కింటివాళ్ల సంగతి చెబుతున్నట్టు ఉంది.

"ఆయన్ని వదులుతున్నానని అన్నాను స్వామీ. ఆ మాట నాదే. వెనక్కి తీసుకోను."

"అయ్యో, అయ్యో" అంది లాపా. చేక్కో గట్టిగా ఊపిరి వదిలాడు.

"నా సంగతి మాత్రం ఏ ఒట్టూ పెట్టలేదు. తల ఎందుకూపానో నాకే తెలీదు."

"మరి ఇప్పుడు పెడతావా?"

"పెట్టను."

ఫ్రా ఉబెర్తో నుదురు రుద్దుకున్నాడు. "తల్లీ, అలా సగం సగం కుదరదు. నువ్వు ఒట్టు పెట్టకపోతే నువ్వు వదిలిందీ చెల్లదు. అతను సన్యాసీ కాడు, నువ్వు…"

"పెడుతుంది స్వామీ" అన్నాడు తూరా.

అందరూ అటు తిరిగారు. గోడ దగ్గరినుంచి ఒక అడుగు ముందుకు వేశాడు. గొంతు తేటగా ఉంది.

"ఇవాళ కోపంలో ఉంది. మీరు పట్టుబట్టకండి. ఆదివారం దాకా గడువివ్వండి. పైగది ఇస్తానన్నాడు మా తమ్ముడు, దాంతోపాటు ఒక పనిమనిషిని కూడా ఇస్తాడు. ఇవ్వవురా? ఇస్తాడు. మళ్లీ అడగండి, పెడుతుంది. నాకు తెలుసు దీని సంగతి."

ఆ గొంతు దియనోరాకు బాగా తెలుసు. ఈ గిడ్డంగిలో, ఈ బేళ్ల మధ్యే, సరుకు నచ్చలేదని లేచిపోయే షావుకార్లను మళ్లీ కూర్చోబెట్టే గొంతు అది.

"విన్నారా స్వామీ?" అంది. "చచ్చినవాడు ఇలా బేరమాడతాడా?"

చేక్కో ఫక్కున నవ్వి, అన్న మొహం చూసి నోరు మూసుకున్నాడు.

పెద్దస్వామి నవ్వలేదు. తూరాను తేరిపార చూశాడు. చూస్తున్నకొద్దీ ఆయన మొహం ముడుచుకుపోయింది.

"తూరా, నేను అంగీ తొడిగిన పూట నువ్వు చచ్చిపోతున్నాననే అనుకున్నావా?"

తూరా పెళ్లాం వైపు చూశాడు, చెప్పేసిందేమోనని. ఆమె ఏమీ చెప్పలేదు. చెప్పలేదని అతనికీ తెలిసింది. ఆ చిన్న చూపు పెద్దస్వామి కళ్లబడింది. ఆయనకు ఇంక జవాబు అక్కర్లేకపోయింది.

"మంచిది" అన్నాడు ఆయన, చాలా అలసటగా. "నేను అంగీ ఇవ్వలేదన్నమాట. నువ్వు ఎత్తుకుపోయావు."

బయట గాడిదలు కాళ్లు నేలకేసి కొట్టుకుంటున్నాయి.

ఫ్రా ఉబెర్తో బేలు మీదనుంచి లేవబోయి, కాళ్లు సహకరించక మళ్లీ కూర్చున్నాడు. దియనోరాను దగ్గరికి రమ్మన్నాడు.

"ఆ రోజు ఇతన్ని వదులుతావా అని నిన్ను అడిగాను. అసలు అడగాల్సింది అడగలేదు. ఇప్పుడు అడుగుతున్నాను. ఈ మనిషి నీకు కావాలా? కావాలంటే ఇప్పుడే, ఇక్కడే అంగీ విప్పించి, దాన్ని తీసుకుపోతాను. అక్కర్లేదంటే బిషప్పుగారి కాళ్లు పట్టుకునైనా మీ ఇద్దరికీ ఏదో దారి చూస్తాను, నీకు ఒట్టు లేకుండానే. ఎవరి మొహమూ చూడకు. నీ మనసులో ఉన్నది చెప్పు."

ఇన్నాళ్లూ ఇంట్లో ఇంత గొడవ జరిగినా ఈ మాట దియనోరాను ఎవరూ అడగలేదు. తనను తాను కూడా అడగలేదు. తిమ్మిరెక్కిన కాలు నేల మీద మోపినప్పటిలా ఛాతీలో ఎక్కడో సూదులు గుచ్చుకోవడం మొదలైంది. నొప్పి. చాలా నొప్పి. చెయ్యి కాలినప్పుడు రానిది కూడా ఇప్పుడే వచ్చినట్టుంది.

ఎవరి మొహమూ చూడొద్దని స్వామి అన్నాడు. ఆమె చూసింది.

తూరా ఆమెనే చూస్తున్నాడు. నియమం గియమం మరచిపోయి, కళ్లలోకి సూటిగా. పెదవులు చప్పుడు లేకుండా కదిలాయి. వద్దని అను. వద్దని అను. పెళ్లయినప్పటినుంచీ ఆ మనిషి ఆమెను దేనికీ అంతగా బతిమాలుకోలేదు.

"కావాలి" అంది దియనోరా.

తూరా మోకాళ్ల మీద కూలబడ్డాడు. రెండు చేతుల్లో మొహం దాచుకుని, భుజాలు ఎగిసిపడేలా ఏడ్చాడు. జ్వరంలో, చావులో కూడా ఏడవని మనిషి. దియనోరా నిలబడ్డ చోటునుంచి కదలలేదు. ఆ ఏడుపు ఎందుకో ఆ గదిలో ఆమెకు తెలుసు, పెద్దస్వామికి తెలుసు.

లాపా పరుగున వెళ్లి కొడుకు తలను గుండెకు అదుముకుంది. ఆవిడ కూడా ఏడుస్తోంది, నవ్వుతోంది.

"చూశావా చేక్కో, ఎంత సంతోషమో వాడికి! ఏడవనీ, ఏడవనీ నా తండ్రిని" అని, వంటింటి వైపు తిరిగి కేకేసింది. "నూతా! కోళ్లలో లావుపాటిదాన్ని చూసి కొయ్యవే. నా కొడుకు ఇంటికొచ్చాడు!"